ఏ స్క్విడ్‌ను ఎంచుకోవాలి? చదవడానికి, రాయడానికి, బొమ్మ గీయడానికి

స్క్విడ్ గురించి సెమినార్ ఇవ్వాలన్నా, పత్రికకు వ్యాసం రాయాలన్నా, పిల్లల పుస్తకానికి బొమ్మ గీయాలన్నా ముందుగా గుర్తుకొచ్చేది జెయింట్ స్క్విడ్. దూరపు కొండలు నునుపు అన్నట్టు అది మొదట ఎంత ఆకర్షిస్తుందో, పనిలోకి దిగాక అంత సతాయిస్తుంది. సముద్రపు లోతుల్లో అది ప్రాణంతో తిరుగుతుండగా తీసిన దృశ్యాలు చాలా తక్కువ. గుడ్లు పెడుతుండగా దాన్ని చూసినవాళ్లు లేరు. వేటాడేటప్పుడు ఏం చేస్తుందన్నదీ ఎక్కువగా ఊహే. అలాంటి జీవి గురించి రాయబోతే రెండో పేజీకే సరుకు అయిపోతుంది, ఆపైన కథలల్లడం మొదలవుతుంది.

స్క్విడ్ జాతులు మూడు వందలకు పైనే ఉన్నాయి. అన్నీ చూడనక్కర్లేదు. ఎక్కువమందికి పనికొచ్చే కొన్నింటిని పక్కపక్కన పెట్టి, ఏది ఎవరికి సరిపోతుందో చెబుతాను. నా తీర్పు ముందే చెప్పేస్తున్నాను: నాడీవ్యవస్థ గురించి అయితే లాంగ్‌ఫిన్ స్క్విడ్, సహజీవనం గురించి అయితే హవాయి బాబ్‌టెయిల్, గుంపులో ప్రవర్తన గురించి అయితే హంబోల్ట్. జెయింట్, కొలోసల్ రెండూ అన్వేషణ కథలకు దివ్యంగా ఉంటాయి. జీవశాస్త్ర పాఠానికి మాత్రం నేను వాటిని ఎంచుకోను.

అసలు అది స్క్విడ్డేనా?

స్క్విడ్లు నత్తలు, ఆల్చిప్పలు ఉండే మొలస్కా వర్గానికి చెందినవి. అందులో ఆక్టోపస్, కటిల్‌ఫిష్, నాటిలస్‌లతో కలిసి శీర్షపాదుల తరగతిలోకి వస్తాయి. స్క్విడ్‌కు ఎనిమిది చేతులు, వాటికి తోడు రెండు పొడవాటి స్పర్శకాలు ఉంటాయి. చేతుల మీద మొదలు నుంచి చివరిదాకా చూషకాలు, అంటే పట్టుకుని అతుక్కునే చిన్న గిన్నెలు, వరుసగా ఉంటే, స్పర్శకాలకు మాత్రం సాధారణంగా చివర ఉబ్బెత్తు భాగంలోనే గుమిగూడి ఉంటాయి. ఆ చూషకాల అంచుకు గట్టి వలయం, చాలా జాతుల్లో దానికి పళ్లు కూడా ఉంటాయి. ఆక్టోపస్ చూషకాలకు ఈ ఏర్పాటు లేదు. గొట్టంలాంటి కండర దేహాన్ని ప్రావారం అంటారు. దాని లోపల వెన్ను పొడవునా పక్షి ఈకలా పలచటి, కైటిన్ అనే గట్టి పదార్థపు ముక్క ఒకటి ఉంటుంది. పూర్వీకుల పెంకులో స్క్విడ్‌కు మిగిలింది అదే. కటిల్‌ఫిష్‌లో అదే స్థానంలో గుల్లగా, తెల్లగా, సున్నపు పదార్థంతో తయారైన ఫలక ఉంటుంది. రెండింటిలో ఏదన్న అనుమానం వస్తే ఈ ఒక్క తేడా చూస్తే చాలు.

మిగిలిన లక్షణాలు దాదాపు అన్నిటికీ ఉమ్మడివే. మూడు గుండెలు, రాగి ఉన్న నీలి రక్తం, చిలుక ముక్కులాంటి ముక్కు, నీటిని చిమ్ముతూ వెనక్కి దూసుకెళ్లే గొట్టం. మెదడు ఉంగరంలా ఉంటుంది, అన్నవాహిక దాని మధ్యలోంచి పోతుంది. అందుకే మింగేముందు ఆహారాన్ని చిన్న ముక్కలుగా కొరకక తప్పదు. ఆయుష్షు చాలా జాతుల్లో దాదాపు ఒక్క ఏడాది. ఎక్కువ జాతులు ఒక్క ప్రజనన కాలం గడిచాక చనిపోతాయి. ఏ స్క్విడ్‌ను ఎంచుకున్నా ఈ పేరా మారదు కనుక దీని కోసం జాతిని వెతుక్కోవద్దు.

ఎంపికకు నిజంగా పనికొచ్చే విభజన కంటి దగ్గర ఉంది. ఒక సమూహంలో కంటి మీద పారదర్శకమైన పొర కప్పి ఉంటుంది. వీటిని మయోప్సిడ్‌లు అంటారు. ఇవి తీరానికి దగ్గరగా బతుకుతాయి, జిగురు గొట్టాల్లో గుడ్లు పెట్టి సముద్రగర్భానికి అంటిస్తాయి. రెండో సమూహం ఈగోప్సిడ్‌లు. వీటి కన్ను నీటికి తెరుచుకునే ఉంటుంది, నివాసం నడిసముద్రంలో. గుడ్లను చాలావరకు నీటిలోనే తేలేట్టు వదిలేస్తాయి. తీరజాతులను తొట్టిలో ఉంచి గమనించవచ్చు, ప్రయోగాలు చేయవచ్చు. నడిసముద్రపు జాతులను ఎక్కువగా లోతుల్లోకి దింపిన కెమెరాల ద్వారానే చూడాలి. మీకు సమాచారం ఎంత దొరుకుతుందన్నది ఈ తేడా మీదే ఆధారపడి ఉంటుంది.

రెండు మహాకాయాలు

జెయింట్ స్క్విడ్, కొలోసల్ స్క్విడ్ రెండూ ఒకటేనని అనుకునేవాళ్లు చాలామంది. ఒకే కుటుంబం కూడా కాదు. జెయింట్ పేరు ఆర్కిట్యూథిస్ డక్స్. దానికి ఆ పేరు పెట్టింది 1857లో డెన్మార్క్ శాస్త్రవేత్త యాపెటస్ స్టీన్‌స్ట్రుప్. ప్రపంచంలోని చాలా సముద్రాల్లో ఉంటుంది. పొడవులో దానిదే పైచేయి: స్పర్శకాలతో కలిపి ఆడవి దాదాపు 12, 13 మీటర్ల దాకా పెరుగుతాయి. ఆ పొడవులో పెద్ద వాటా స్పర్శకాలదే, దేహం రెండు మీటర్ల చిల్లర మాత్రమే. స్పర్శకాలు రబ్బరులా సాగుతాయి కనుక పాత పుస్తకాల్లోని 18 మీటర్లు, 20 మీటర్లు అనే కొలతలను నమ్మి రాయవద్దు.

కొలోసల్ స్క్విడ్, అంటే మీసోనికోట్యూథిస్ హామిల్టోని, పొడవులో తక్కువ, బరువులో చాలా ఎక్కువ. అంటార్కిటికా చుట్టూ ఉన్న దక్షిణ మహాసముద్రం దాని చోటు. 2007లో రాస్ సముద్రంలో ఒక చేపల పడవ గాలానికి వచ్చిన ఆడ స్క్విడ్ 495 కిలోలు తూగింది. అది ఇప్పుడు న్యూజిలాండ్ రాజధాని వెల్లింగ్టన్‌లోని తె పాపా మ్యూజియంలో ఉంది. తిమింగలాల కడుపుల్లో దొరికిన ముక్కుల పరిమాణాన్ని బట్టి ఇంతకన్నా పెద్దవి కూడా ఉన్నాయని శాస్త్రవేత్తల అంచనా. ఈ జాతిని 1925లో మొదటిసారి వర్ణించినప్పుడు కూడా ఆధారం స్పెర్మ్ తిమింగలం కడుపులోంచి వచ్చిన చేతుల భాగాలే. దీని చేతుల మీద, స్పర్శకాల చివర్ల మీద కొక్కేలు ఉంటాయి, స్పర్శకాల మీదివి అన్ని వైపులా తిరుగుతాయి. జెయింట్‌కు కొక్కేలు లేవు, పళ్లున్న చూషకాలు మాత్రమే.

రెండింటి మధ్య ఎంచుకోవాలంటే చూడాల్సింది బరువు, పొడవు కాదు, వాటిని వెతికిన చరిత్ర. జెయింట్‌ది నిండు కథ. 2004 సెప్టెంబరులో జపాన్‌లోని ఒగసవారా దీవుల దగ్గర సునేమి కుబొదెరా, క్యోయిచి మోరి అనే పరిశోధకులు సుమారు 900 మీటర్ల లోతుకు ఎర కట్టిన కెమెరాను దింపారు. స్క్విడ్ వచ్చి ఎర కొక్కేనికి తగులుకుంది. నాలుగు గంటలకు పైగా పెనుగులాడి, అయిదున్నర మీటర్ల స్పర్శకాన్ని వదిలేసి వెళ్లిపోయింది. పైకి లాగినప్పుడు ఆ తెగిన స్పర్శకం ఇంకా చూషకాలతో పట్టుకుంటూనే ఉంది. అప్పటిదాకా ఈ జీవి బద్ధకంగా తేలుతూ బతుకుతుందన్న వాదన గట్టిగా ఉండేది. ఆ అయిదు వందల పైచిలుకు ఫొటోలు దాన్ని చాలావరకు తోసిపుచ్చాయి. 2012లో అదే ప్రాంతంలో, దాని సొంత లోతుల్లో తొలిసారి వీడియో తీశారు. సముద్ర శాస్త్రవేత్త ఈడిత్ విడర్ ఆ ప్రయత్నంలో వాడిన ఉపాయం నాకు చాలా ఇష్టం. తెల్లటి దీపాలతో, మోటార్ల రొదతో స్క్విడ్‌ను బెదరగొట్టకుండా, అది చూడలేని ఎర్ర కాంతిని, జెల్లీచేప వెలుగును అనుకరించే నీలి ఎరను వాడారు.

కొలోసల్‌ను దాని సొంత చోట వీడియో తీయడం 2025 మార్చి దాకా కుదరలేదు. దక్షిణ అట్లాంటిక్‌లోని సౌత్ శాండ్‌విచ్ దీవుల దగ్గర, 600 మీటర్ల లోతులో, దాదాపు 30 సెంటీమీటర్ల పిల్ల ఒకటి సుబాస్టియన్ అనే రోబో కెమెరాకు చిక్కింది. గాజులా పారదర్శకమైన దేహం, దాని మీద గోధుమరంగు చుక్కలు. అర టన్ను బరువుకు ఎదిగే జంతువు బాల్యం అది. అన్వేషణ గురించి రాసేవాళ్లు జెయింట్‌ను తీసుకోండి. ఇంకా జవాబు దొరకని ప్రశ్నల గురించి రాయాలంటే కొలోసల్ మంచిది. కళ్ల గురించి రాయాలంటే రెండింటినీ కలిపి రాయవచ్చు. వాటి కన్ను దాదాపు 27 సెంటీమీటర్ల వ్యాసంతో ఫుట్‌బాల్ కన్నా పెద్దది. అంత కన్ను చేపను వెతకడానికి అక్కర్లేదు. వేటాడ వచ్చే స్పెర్మ్ తిమింగలం దారిలోని చిన్న జీవులు కదిలిపోయి వెలిగినప్పుడు, ఆ మసక మెరుపును నూరు మీటర్లకు పైబడిన దూరం నుంచే పసిగట్టడానికని 2012లో ఒక పరిశోధన లెక్కకట్టి చూపింది.

హంబోల్ట్: నడిమి దారి

పెద్ద జంతువూ కావాలి, చెప్పడానికి సరుకూ కావాలి అనేవాళ్లకు డోసిడికస్ గిగాస్ సరైనది. తూర్పు పసిఫిక్‌లో ఉంటుంది. 50 కిలోల దాకా పెరిగే సత్తా ఉన్నది. గుంపులుగా తిరుగుతుంది, ఎరుపు తెలుపుల మధ్య మెరుపులా రంగు మారుస్తుంది. ఇవి వెలుతురు చేరని లోతుల్లో రంగులతో ఏం చెప్పుకుంటాయన్నది చాలాకాలం చిక్కుప్రశ్న. చర్మం కింది కాంతి అవయవాలు వెనక నుంచి వెలిగి, పైనున్న రంగుల నమూనాను చీకట్లో కూడా కనిపించేలా చేస్తాయేమోనని 2020లో పరిశోధకులు ప్రతిపాదించారు. ఎర దగ్గర అంత రద్దీగా తిరుగుతూ ఒకదానికొకటి ఢీకొనకపోవడం కూడా ఆ సంకేతాల చలవేనని వాళ్ల ఊహ.

పేరులో ఉన్న 'గిగాస్' (మహాకాయం) అన్న మాటను మాత్రం అన్ని చోట్లా నమ్మకండి. 2009–10 ఎల్ నినో తర్వాత కాలిఫోర్నియా సింధుశాఖలో ఇవి ఆరు నెలల వయసుకే, చాలా చిన్న దేహంతోనే గుడ్లు పెట్టే దశకు వచ్చేశాయి. నీటి వేడి, ఆహారం మారితే ఒకే జాతి ఇంత తేడాగా పెరగగలదు. వాతావరణ మార్పు గురించి రాయదలచినవాళ్లు ముందుగా చూడాల్సిన స్క్విడ్ ఇదే.

లాంగ్‌ఫిన్: నాడుల కథ

నన్ను ఒక్కదాన్నే ఎంచుకోమంటే డోరిట్యూథిస్ పీలీనే ఎంచుకుంటాను. అమెరికా తూర్పు తీరపు మామూలు స్క్విడ్. దేహం అర మీటరు మించదు. పేరు విని ఎవరూ తలెత్తి చూడరు. కానీ నాడి ఎలా పనిచేస్తుందో మనిషి తెలుసుకున్నది ఇదీ దీని దగ్గరి బంధువులూ దయచూపడం వల్లే.

ప్రమాదం కనబడగానే స్క్విడ్ దేహం మొత్తం ఒక్క క్షణంలో బిగుసుకోవాలి, అప్పుడే నీరు బలంగా చిమ్ముతుంది. అందుకు ఆదేశం కండరాలన్నిటికీ ఒకేసారి అందాలి. మన నాడీతంతువుల్లో చాలావాటి చుట్టూ మయలిన్ అనే కొవ్వు పొర ఉండి సంకేతాన్ని వేగంగా నడిపిస్తుంది. స్క్విడ్‌కు ఆ సదుపాయం లేదు. అది ఎంచుకున్న దారి తంతువును లావు చేయడం. తంతువు ఎంత లావైతే సంకేతం అంత వేగం. ప్రావారం దూరపు కొసకు వెళ్లే తంతువులు దగ్గరి వాటికన్నా లావుగా ఉంటాయి, దాంతో దూరానికీ దగ్గరకూ వార్త దాదాపు ఒకేసారి చేరుతుంది. అన్నిటికన్నా లావుపాటి తంతువు దాదాపు ఒక మిల్లీమీటరు ఉంటుంది. మన తంతువులను చూడాలంటే మైక్రోస్కోపు కావాలి, దీన్ని వట్టి కంటితో చూడవచ్చు. ఎంత పెద్దదంటే, చాలాకాలం దాన్ని రక్తనాళం అనుకున్నారు. 1936లో బ్రిటిష్ జీవశాస్త్రవేత్త జె. జెడ్. యంగ్ అది నాడీతంతువని తేల్చారు.

ఆ తర్వాత పని చకచకా సాగింది. ఇంగ్లండ్‌లోని ప్లిమత్‌లో అలన్ హాడ్జ్‌కిన్, ఆండ్రూ హక్స్‌లీ ఈ తంతువు లోపలికే సన్నటి విద్యుత్ తీగను నిలువుగా దూర్చి, లోపలి వోల్టేజీని కొలిచి 1939లో ప్రకటించారు. యుద్ధం అడ్డొచ్చింది. 1952లో వాళ్లు ప్రచురించిన పత్రాల్లో సోడియం లోపలికి, పొటాషియం బయటికి ప్రవహించే తీరును సమీకరణాలుగా రాశారు. 1963లో నోబెల్ వచ్చింది. వాళ్లు వాడింది అట్లాంటిక్ అవతలి తీరపు బంధువైన లోలిగో ఫోర్బెసీని. అమెరికాలోని వుడ్స్‌హోల్‌లో పీలీతో పని చేసిన కెన్నెత్ కోల్, వోల్టేజీని కదలకుండా నిలిపి ప్రవాహాన్ని కొలిచే పద్ధతిని అందించారు. రెండు జాతులనూ ఒకే కథలో చెప్పినా తప్పు లేదు, కానీ ఎక్కడ ఏది వాడారో కలిపేయకండి.

ఇంకా ఉంది. ఈ జాతి నాడుల్లో జన్యుసందేశాన్ని ఆర్‌ఎన్‌ఏ దశలో, అంటే డీఎన్‌ఏ నుంచి తీసిన నకలులో, సవరించడం అసాధారణమైన స్థాయిలో జరుగుతుంది. 2020లో వుడ్స్‌హోల్ పరిశోధకులు దీని పిండంలో వర్ణకానికి అవసరమైన ఒక జన్యువును తొలగించారు. రంగు చుక్కలు లేని పిల్లలు పుట్టాయి. శీర్షపాదుల్లో అలా జన్యువును పనిచేయకుండా చేయడం అదే మొదటిసారి. ప్రవర్తన కావాలంటే అదీ ఉంది: నేలకు అంటించిన గుడ్ల గుత్తిని చూసి మగవి దగ్గరికి వస్తాయి. చేయి ఆ గుడ్లకు తగలగానే, అప్పటిదాకా పక్కపక్కనే ఈదుతున్నవి ఒకదాని మీదొకటి పడి కలబడతాయి. గుడ్ల పైపొరలో ఉన్న ఒక ప్రొటీన్ దీనికి కారణమని 2011లో తేలింది.

బాబ్‌టెయిల్: చిన్నదాని బేరం

యూప్రిమ్నా స్కోలోపెస్ హవాయి తీరపు లోతులేని నీళ్లలో ఉంటుంది. దేహం మూడు సెంటీమీటర్లు. వర్గీకరణ ప్రకారం అసలు స్క్విడ్ల క్రమంలో లేదు, బాబ్‌టెయిళ్లకు విడిగా ఒక క్రమం ఉంది. ఆ సంగతి మొదటి వాక్యంలోనే చెప్పేస్తే ఎవరూ తప్పుపట్టరు.

పగలంతా ఇసుకలో పూడుకుని ఉంటుంది. చీకటి పడ్డాక వేటకు బయలుదేరుతుంది. వెన్నెల్లో ఈదే జంతువు నీడ కింద ఉన్నవాటికి నల్లగా కనబడుతుంది, అది ప్రమాదం. అందుకే పొట్టభాగంలోని కాంతి అవయవంతో పైనుంచి పడే వెలుగుకు సరిపడా కిందికి వెలుగు వదులుతుంది. ఆ వెలుగు దాని సొంతం కాదు. విబ్రియో ఫిషరీ అనే బాక్టీరియాను లోపల పెంచుకుంటుంది. గుడ్డులోంచి వచ్చిన పిల్ల కాంతి అవయవంలో ఈ బాక్టీరియా ఒక్కటి కూడా ఉండదు. కోట్ల సూక్ష్మజీవులున్న సముద్రపు నీటిలోంచి ఈ ఒక్క జాతినే గంటల్లో ఏరుకుంటుంది. అవి లోపల స్థిరపడ్డాక, వాటిని పట్టడానికి పనికొచ్చిన వెంట్రుకల కణజాలం కొద్ది రోజుల్లో రాలిపోతుంది.

ప్రతి తెల్లవారుజామునా స్క్విడ్ ఆ బాక్టీరియాలో దాదాపు 95 శాతాన్ని బయటికి కక్కేస్తుంది. మిగిలినవి పగలంతా పెరిగి రాత్రికి మళ్లీ నిండుతాయి. ఈ బాక్టీరియా ఒంటరిగా ఉంటే వెలగదు, తగినంత గుంపు చేరిందని రసాయన సంకేతంతో తెలుసుకున్నాకే వెలుగుతుంది. ఇలా బాక్టీరియా తమ సంఖ్యను పసిగట్టుకుంటాయన్న విషయం బయటపడింది 1970లో ఈ జాతిలోనే. మార్గరెట్ మెక్‌ఫాల్-న్గాయ్, ఆమె సహచరులు దశాబ్దాలుగా ఈ జంటను పరిశోధిస్తున్నారు. మన పేగుల్లోని బాక్టీరియా గురించి మాట్లాడాలనుకునే ఉపాధ్యాయుడికి ఇంతకన్నా తేటగా అర్థమయ్యే ఉదాహరణ దొరకదు. అక్కడ వందల జాతుల గందరగోళం, ఇక్కడ ఒక జంతువు, ఒక బాక్టీరియా.

పిల్లల పుస్తకానికైతే

బొమ్మలకు మిణుగురు స్క్విడ్, స్ట్రాబెర్రీ స్క్విడ్ రెండూ బాగుంటాయి. మిణుగురు స్క్విడ్, వటసేనియా సింటిల్లాన్స్, జపాన్‌లోని తొయామా అఖాతానికి వసంతకాలంలో గుడ్లు పెట్టడానికి గుంపులుగా వస్తుంది. వేలి పొడవు దేహం మీద వందల నీలి చుక్కలు. శీర్షపాదుల్లో చాలావాటికి రంగులు తెలియవు, కంటిలో ఒకే వర్ణకం ఉంటుంది. దీనికి మూడు ఉన్నాయి. స్ట్రాబెర్రీ స్క్విడ్‌కు ఎడమ కన్ను కుడికన్నుకు దాదాపు రెట్టింపు. పెద్దది పైకి చూస్తూ నీడలను వెతుకుతుంది, చిన్నది కిందికి చూస్తూ మెరుపులను పట్టుకుంటుంది. నేనైతే స్ట్రాబెర్రీ గీస్తాను. పిల్లలు దాన్ని మరచిపోరు.

వాంపైర్ స్క్విడ్‌ను పిల్లలు అడుగుతారు. పేరు గొప్ప, ఊరు దిబ్బ. వాంపైరోట్యూథిస్ ఇన్ఫర్నాలిస్ రక్తం తాగదు, పైనుంచి రాలే సముద్రపు చెత్తను పోగుచేసుకుని తింటుందని 2012లో తేలింది. స్క్విడ్డూ కాదు. తనకంటూ ఒక క్రమం ఉంది, చుట్టరికం ఆక్టోపస్‌తో ఎక్కువ. ఆక్సిజన్ బాగా తక్కువున్న లోతుల్లో కనీస శక్తితో బతికే తీరు గురించి రాస్తే మాత్రం బంగారం లాంటి అంశం.

పేర్ల దగ్గర జాగ్రత్త

ఎంచుకున్నాక చేయాల్సిన మొదటి పని శాస్త్రీయ నామాన్ని రాసిపెట్టుకోవడం. వాడుక పేర్లు నట్టేట ముంచుతాయి. బిగ్‌ఫిన్ స్క్విడ్ అంటే అగాధాల్లో మోచేతుల్లా మడిచిన చేతులతో, మీటర్ల కొద్దీ తంతువులు వేలాడదీసే మాగ్నాపిన్నా. బిగ్‌ఫిన్ రీఫ్ స్క్విడ్ అంటే పగడపు దిబ్బల దగ్గర తిరిగే సెపియోట్యూథిస్ లెస్సోనియానా. మధ్యలో ఒక్క మాట తేడా. జంతువులకు మాత్రం పోలికే లేదు. పైగా రెండోదాని రెక్కలు దేహం పొడవునా ఉండటంతో కటిల్‌ఫిష్ అనుకుంటారు, అది ఒకే జాతి కాదని, కనీసం మూడు జాతులు ఒకే పేరు కింద ఉన్నాయని జన్యు పరీక్షలు చెబుతున్నాయి.

దీనికి అటువైపు కథ ఆర్కిట్యూథిస్‌ది. ఒక్కో తీరానికి కొట్టుకొచ్చిన ముక్కకు ఒక్కో పేరు పెడుతూ పోయి ఇరవై దాకా జాతులు చేశారు. 2013లో ప్రపంచమంతటి నమూనాల డీఎన్‌ఏ పోల్చి చూస్తే, అన్నీ ఒకే జాతి అనే తేలింది.

పాత పుస్తకాల్లో వెతికేటప్పుడు లోలిగో అన్న పేరుతో కూడా వెతకండి. తీర స్క్విడ్లలో చాలావాటిని ఒకప్పుడు ఆ ప్రజాతిలోనే ఉంచేవారు. తర్వాత అమెరికా తీరాలవి డోరిట్యూథిస్‌లోకి, హిందూ మహాసముద్రం, పశ్చిమ పసిఫిక్‌లవి యూరోట్యూథిస్‌లోకి వెళ్లాయి. హాడ్జ్‌కిన్ కాలపు పత్రాల్లో డోరిట్యూథిస్ అని వెతికితే ఏమీ దొరకదు. పేరు తర్వాత వచ్చే వ్యక్తి పేరు, సంవత్సరం కూడా ఆచూకీ చెబుతాయి. డోరిట్యూథిస్ పీలీ (లెసూర్, 1821) అని కుండలీకరణాల్లో ఉంటే, లెసూర్ దాన్ని వేరే ప్రజాతి కింద పెట్టారని, తర్వాత మార్చారని అర్థం. ఆర్కిట్యూథిస్ డక్స్ స్టీన్‌స్ట్రుప్, 1857 అని కుండలీకరణాలు లేకుండా ఉంటే పెట్టినచోటే ఉందని.

ఫొటో వాడేముందు స్పర్శకం చివర దగ్గరగా చూడండి. కొక్కేలు కనబడితే, కింద ఏ పేరు రాసి ఉన్నా అది జెయింట్ స్క్విడ్ కాదు. తోకవైపు రెక్కలను కూడా చూడండి: జెయింట్‌కు అవి దేహంతో పోలిస్తే చిన్నవి, హంబోల్ట్‌కు వెడల్పాటి త్రికోణాలు.